పీటీఎస్‌డీ ఉన్న మాజీ సైనికులతో సిగరెట్ ఇప్పుడే మాన్పించాలా, ఆగాలా?

సందేహాల_పుట్ట
పీటీఎస్‌డీ అంటే ఘోరమైన అనుభవం తర్వాత మనిషిని వెంటాడే మానసిక సమస్య. యుద్ధ ప్రాంతాల నుంచి తిరిగొచ్చి పీడకలలకు, ఉలికిపాటుకు, పట్టలేని కోపానికి చికిత్స తీసుకుంటున్నవాళ్ల గురించే ఈ ప్రశ్న. వీళ్లలో రోజుకు పెట్టె, అంటే 20 సిగరెట్లు కాల్చేవాళ్లు చాలామంది. కొందరు డాక్టర్లు "ముందు మనసు కుదుటపడనివ్వండి, సిగరెట్ సంగతి తర్వాత" అంటారు. ఇంకొందరు రెండు చికిత్సలూ కలిపే నడపాలంటారు. ఏది సరైనది? మోతాదులతో సహా చెప్పండి. నినాదాలొద్దు, దణ్ణం పెడతా.

నిప్పురవ్వ
ఇప్పుడే. ఇది తేలిపోయిన విషయం. 2010లో జామా అనే అమెరికా వైద్య పత్రికలో వచ్చిన అధ్యయనం చూడండి. అమెరికాలో సైనిక సేవ వల్ల పీటీఎస్‌డీ వచ్చిన 943 మంది మాజీ సైనికుల మీద చేశారు. కొందరికి పీటీఎస్‌డీ చూసే చికిత్సకులే సిగరెట్ మాన్పించే పని కూడా చేశారు. మిగతావాళ్లను విడిగా పొగాకు క్లినిక్‌కి పంపారు. ఏడాదికి నిలకడగా మానేసినవాళ్లు మొదటి జట్టులో 8.9 శాతం, రెండో జట్టులో 4.5 శాతం. మానే ప్రయత్నం వల్ల పీటీఎస్‌డీ ముదిరిన దాఖలా కనబడలేదు.

"సిగరెట్టే ఆ మనిషి మనసుకు ఊరట" అని కొందరనే మాటలో పెద్ద మెలిక ఉంది. ఒంట్లో నికోటిన్ దాదాపు రెండు గంటల్లో సగానికి పడిపోతుంది. అప్పుడు చిరాకు, నిలవలేనితనం, ధ్యాస కుదరకపోవడం మొదలవుతాయి. ఇంకోటి వెలిగిస్తే తగ్గుతాయి. ఆ చిరాకు పీటీఎస్‌డీదే అనుకుంటాడు, సిగరెట్ దానికి మందు అనుకుంటాడు. తీరా చూస్తే అందులో చాలా భాగం సిగరెట్ తెచ్చిపెట్టిందే.

ముందునిద్ర
నిప్పురవ్వ గారూ, కాగితం మీద బాగుంది. మొదటి వారం ఎలా గడుస్తుందో కూడా చెప్పండి మరి. మానేసిన మొదటి రెండు మూడు రోజుల్లో బాధ శిఖరానికి చేరుతుంది, తర్వాత రెండు నుంచి నాలుగు వారాలు సాగుతుంది. నిద్ర చెడుతుంది, కోపం పెరుగుతుంది. అసలే రాత్రికి మూడు గంటలు పడుకునే మనిషికి దాని మీద ఇది.

ఇంకోటి కూడా గమనించండి. జనం నిండిన గదిలో వాడు తలుపు కనబడేలా, గోడకు వీపు ఆనించి కూర్చుంటాడు. "ఒక దమ్ము కొట్టొస్తా" అనేది వాడికి అక్కడినుంచి మర్యాదగా బయటపడే దారి. ఎవరూ కారణం అడగరు. సిగరెట్ లాగేసుకుంటే ఆ దారీ పోతుంది. బదులేమిటి?

దూలం
రేషన్ డబ్బాలో సిగరెట్లు పెట్టి అలవాటు చేసిందే సైన్యం. అమెరికాలో 1975 దాకా పెట్టారు. ఇప్పుడు మానమని వీళ్లే చెప్పడం!

నిప్పురవ్వ
దూలం గారూ, చరిత్రకు వేరే చర్చ తెరవండి. ముందునిద్ర గారూ, బయటికి వెళ్లడానికి సిగరెట్టే కావాలా? "అయిదు నిమిషాలు గాలికి వెళ్లొస్తా" అని వాడి చేత ముందే ఇంట్లోవాళ్లతో చెప్పించండి. జేబులో నికోటిన్ గమ్ ఉంచండి. దారి అదే, చేతిలో వస్తువు మారుతుంది.

రాత్రి_డ్యూటీ
నికోటిన్ ప్యాచ్ (చర్మం ద్వారా నికోటిన్ ఎక్కించే పట్టీ) పెట్టుకుని పడుకుంటే కలలు ఘోరంగా వస్తాయట కదా? పీడకలలున్నవాడికి ప్యాచ్ ఇవ్వడమేంటండీ?

ఫార్మసీ_కౌంటర్
వస్తాయి, సర్దుకునే దారీ ఉంది. రోజుకు 10 కన్నా ఎక్కువ కాల్చేవాళ్లకు 21 మి.గ్రా. ప్యాచ్ ఆరు వారాలు, తర్వాత 14 మి.గ్రా. రెండు వారాలు, 7 మి.గ్రా. రెండు వారాలు. కలలు ఇబ్బంది పెడితే పడుకునే ముందు పీకేయాలి. దాంతో తెల్లారేసరికి ఒంట్లో నికోటిన్ మిగలదు, కొత్త ప్యాచ్ పనిచేయడానికి గంటలు పడుతుంది. చాలామంది దెబ్బతినేది ఇక్కడే. కాబట్టి లేవగానే ఒక గమ్. నిద్ర లేచిన 30 నిమిషాల్లోపే మొదటి సిగరెట్ వెలిగించే రకమైతే 4 మి.గ్రా., కాకపోతే 2 మి.గ్రా.

గమ్‌ని మామూలు చూయింగ్ గమ్‌లా నమిలి, నికోటిన్ అంతా మింగి, ఎక్కిళ్లు, గుండెల్లో మంట అని మానేస్తారు. నెమ్మదిగా నాలుగు నమిలి, నోట్లో చురుక్కుమనగానే బుగ్గకూ చిగురుకూ మధ్య పెట్టి వదిలేయాలి. చురుకు తగ్గితే మళ్లీ నమలాలి. ఒక్కోటి అరగంట. దానికి 15 నిమిషాల ముందు నుంచి కాఫీ, కూల్‌డ్రింక్ వద్దు. నోరు పులుపెక్కితే నికోటిన్ ఎక్కదు.

డ్యూటీలో ఉన్నవాళ్లకు మరో చిక్కు, చెమట. పొద్దున పరుగుకి ముందు ప్యాచ్ అంటిస్తే ఊడి కింద పడుతుంది. స్నానం చేశాక, ఒళ్లు పూర్తిగా ఆరాక, వెంట్రుకల్లేని చోట అంటించి అరచేత్తో గట్టిగా అదమాలి. రోజూ చోటు మార్చాలి.

ముందునిద్ర
చూశారా! రాత్రి ప్యాచ్ పీకమంటున్నారు. అంటే కలలు వస్తాయనేగా. నేను మొదటినుంచీ అంటున్నదీ అదే.

ఫార్మసీ_కౌంటర్
అందరికీ వస్తాయని నేననలేదండీ.

ముందునిద్ర
పీడకలలున్నవాడి విషయంలో "అందరికీ రావు" అనేది జవాబు కాదు. సిగరెట్ మాన్పించే మాత్ర సంగతి చెప్పండి పోనీ. వరెనిక్లిన్‌కీ విచిత్రమైన కలలు వస్తాయి. ఆత్మహత్య ఆలోచనలు రావచ్చని మందు సమాచార పత్రంలో గట్టి హెచ్చరిక కూడా వేశారు.

నిప్పురవ్వ
వేశారు, తీసేశారు కూడా! సగం కథ చెప్పకండి. 2009లో వేసిన హెచ్చరికని 2016లో అమెరికా ఔషధ సంస్థే తొలగించింది. అదే ఏడాది వచ్చిన ఈగిల్స్ అనే మందుల పరీక్షలో ఎనిమిది వేల పైచిలుకు మంది, అందులో సగం మంది మానసిక సమస్యలున్నవాళ్లు. ప్యాచ్‌తో, ఉత్తుత్తి మాత్రతో పోలిస్తే వరెనిక్లిన్ ముప్పు చెప్పుకోదగినంత పెంచలేదు. కలలంటారా, రెండో మాత్ర పడుకునేముందు కాక సాయంత్రం భోజనంతో వేసుకోవాలి. వికారం రాకుండా కడుపు నిండా తిని, గ్లాసుడు నీళ్లతో. మొదటి మూడు రోజులు 0.5 మి.గ్రా. ఒకసారి, నాలుగు నుంచి ఏడో రోజు దాకా 0.5 రెండుసార్లు, ఎనిమిదో రోజు నుంచి 1 మి.గ్రా. రెండుసార్లు, మొత్తం 12 వారాలు. కిడ్నీలు బాగా దెబ్బతిన్నవాళ్లకు సగమే.

మీకు ప్రతి మందులోనూ ఒక వంక కావాలి. వాడు నిద్రపోయేదాకా ఆగుదామంటారు. పదేళ్లు నిద్రపట్టకపోతే పదేళ్లూ కాల్చనిస్తారా?

ముందునిద్ర
మీకేమో వాడు ఒక శాతం! 8.9 అని గర్వంగా రాశారు. నూటికి 91 మంది ఏడాదికల్లా నిలవలేదన్నమాటేగా? ఆ 91 మంది గురించి ఒక్క ముక్క రాశారా? నా భయం నికోటిన్ గురించి కాదు. సైన్యంలో పెరిగిన మనిషికి అప్పగించిన పని చేయలేకపోవడం చిన్న విషయం కాదు. ఫలానా తేదీకి మానేస్తానని డాక్టర్‌కి మాటిస్తాడు, మూడో రోజు వెలిగిస్తాడు. తర్వాతి అపాయింట్‌మెంట్‌కి మొహం చూపించలేక రాడు. సిగరెట్ క్లినిక్ ఒక్కటే అయితే ఫరవాలేదు. మీరు కలిపేశారు కదా, పీటీఎస్‌డీ చికిత్సకీ రాడు! ఒకే తలుపు పెట్టి, దాన్నీ మూసేశారు.

దూలం
ఈ ముక్క మొదటే చెప్పుంటే ఇంత రాద్ధాంతం ఉండేది కాదు.

నిప్పురవ్వ
సరే, ఇది అసలు మాట. దీనికి జవాబు ఆగడం కాదు, తప్పిన రోజు ఏం చేయాలో ముందే రాసిపెట్టుకోవడం. ఒకటి వెలిగిస్తే ప్యాచ్ పీకనక్కర్లేదు, మాత్ర ఆపనక్కర్లేదు. మర్నాడు మళ్లీ మొదలు. చాలామంది "ప్యాచ్ మీద కాలిస్తే గుండె ఆగిపోతుంది" అన్న భయంతో ప్యాచ్ పీకేసి సిగరెట్ ఉంచుకుంటారు. తిరగబెట్టేది ఎక్కువగా మొదటి వారంలోనే, కాబట్టి రెండో రోజు, అయిదో రోజు ఫోన్ మన వైపు నుంచి వెళ్లాలి. "ఎన్ని కాల్చావు" అని కాదు, "ఏ టైముకి, ఎక్కడ" అని అడగాలి. రాత్రి రెండింటికి అయితే ఒక మార్పు, గొడవ తర్వాత అయితే ఇంకో మార్పు.

ముందునిద్ర
ఆ ఫోన్ ఎవరు చేస్తారు? చికిత్సకుడికి రోజంతా వరసగా మనుషులే. మీ అధ్యయనంలో దానికి శిక్షణ పొందినవాళ్లున్నారు. బయట చాలాచోట్ల "మానేయండి" అని ఒక కరపత్రం చేతిలో పెట్టి కలిపి చికిత్స చేశామంటారు. అలాంటిచోట ఆగడమే మేలంటాను, ఇప్పటికీ.

ఫార్మసీ_కౌంటర్
తేదీ అంటే బెదిరేవాళ్లకు తేదీ లేని పద్ధతి ఉంది. వరెనిక్లిన్ వేసుకుంటూ నాలుగు వారాల్లో సగానికి తగ్గించడం, తర్వాతి నాలుగు వారాల్లో అందులో సగం, 12 వారాలకు సున్నా. మాత్ర మొత్తం 24 వారాలు. మధ్యలో ఒకటి కాలిస్తే ఓడిపోయినట్టు కాదు, లెక్కలో ఉన్నదే.

రెండు హెచ్చరికలు. మానేశాక కాఫీ సగానికి తగ్గించాలి. పొగలోని తారు పదార్థాలు కాలేయంలో కెఫీన్‌ని త్వరగా కరిగిస్తుంటాయి. పొగ ఆగితే అదే రెండు కప్పులు రాత్రంతా కళ్లు తెరిపిస్తాయి, నింద నికోటిన్ మీద పడుతుంది. క్లోజపిన్, ఒలంజపిన్ అనే మానసిక వ్యాధి మందులు వాడేవాళ్లలో మందు కూడా అలాగే ఒంట్లో పెరుగుతుంది. ప్యాచ్ దాన్ని ఆపదు, ఎందుకంటే ఆ పని చేసేది నికోటిన్ కాదు, పొగ. మానేముందే డాక్టర్‌కి చెప్పాలి, మోతాదు తగ్గించాల్సి రావచ్చు.

సందేహాల_పుట్ట
పేలుడులో తలకు దెబ్బ తగిలినవాళ్లకు సిగరెట్ మాన్పించడానికి బుప్రోపియాన్ అనే మాత్ర ఇస్తున్నారు, డిప్రెషన్‌కీ పనికొస్తుందని. ఫరవాలేదా?

ఫార్మసీ_కౌంటర్
అది మూర్ఛ వచ్చే అవకాశాన్ని పెంచుతుంది. ఎప్పుడైనా మూర్ఛ వచ్చినవాళ్లకు వద్దే వద్దు. తలకు గట్టి దెబ్బ తగిలినా, తాగుడు గానీ నిద్రమాత్రలు గానీ ఈ మధ్యే ఠక్కున ఆపినా, రాసే డాక్టర్‌కి చెప్పకుండా వేసుకోకూడదు. వరెనిక్లిన్‌కి కూడా మూర్ఛ చరిత్ర చెప్పాలి. అలాంటివాళ్లకు ప్యాచ్, గమ్ కలిపి మొదలుపెట్టడం తేలిక.

ముందునిద్ర
ప్యాచ్ రాత్రి పీకి.

నిప్పురవ్వ
కలలొస్తేనే.