చైనాలో ముగ్గురిని కనొచ్చన్నా జననాలు ఎందుకు పెరగట్లేదు?

గోదారిగట్టు:
2016 నుంచి ఇద్దరికి, 2021లో ముగ్గురికి అనుమతిచ్చారు. అయినా 2022 నుంచి చైనా జనాభా తగ్గుతూనే ఉంది. జననాలు మాత్రం 2023లో 90.2 లక్షలుంటే 2024లో 95.4 లక్షలయ్యాయి. దీన్ని మలుపు అనుకోవచ్చా?

లెక్కలబడి:
అనుకోకూడదండీ. ముందు ఏడాది పెళ్లిళ్ల రిజిస్ట్రేషన్లు చూడండి. అక్కడ పెళ్లి కాకుండా పిల్లల్ని కనేవాళ్లు బాగా తక్కువ, కాబట్టి పెళ్లిళ్ల లెక్క ఏడాది తిరిగేసరికి పురుళ్లలో తేలుతుంది. 2022లో 68.3 లక్షల పెళ్లిళ్లు. కోవిడ్ ఆంక్షలు పోయాక, వాయిదా పడ్డవి కూడా కలిసి 2023లో 76.8 లక్షలు. పైగా 2024 డ్రాగన్ సంవత్సరం, ఆ ఏడు బిడ్డ పుడితే శుభమంటారు. మరి 2024లో పెళ్లిళ్లెన్ని? 61.06 లక్షలే! 2013లో 1.34 కోట్లు దాటాయి.

అసలు చిక్కు తల్లుల సంఖ్యలో ఉంది. 1990ల్లో జననాలు బాగా పడిపోయాయి, ఇప్పుడు కనాల్సింది అప్పుడు పుట్టినవాళ్లే. 2004లోనైతే 100 మంది ఆడపిల్లలకు 121 మంది మగపిల్లలు పుట్టారు. సంతాన రేటు, అంటే ఒక్కో స్త్రీ జీవితకాలంలో సగటున కనే పిల్లల సంఖ్య, 2020 జనగణన నాటికే 1.3. ఆ రేటు అలాగే నిలిచినా, తల్లులు తగ్గేకొద్దీ పురుళ్లు తగ్గుతాయి. జనాభా నిలబడాలంటే 2.1 కావాలంటారు, మగపిల్లలు ఎక్కువ పుట్టేచోట అదీ చాలదు.

తూర్పుగాలి:
డబ్బు సంగతీ చెప్పాలి. 2025 నుంచి మూడేళ్లలోపు బిడ్డకు ఏటా 3,600 యువాన్లు ఇస్తున్నారు, అంటే నెలకు 300. ఇల్లు, చదువుల ఖర్చు ముందు అదెంత? పల్లె హుకౌతో (స్వస్థలానికి ముడిపడిన కుటుంబ రిజిస్ట్రేషన్) నగరానికొచ్చిన కూలీకి బిడ్డను సర్కారు బడిలో చేర్చడమే కష్టం. ఇంకోటి, పసిపిల్లల్ని చూసుకునేది ఎక్కువగా అమ్మమ్మలూ నానమ్మలే. ఆడవాళ్ల రిటైర్మెంటు వయసును 15 ఏళ్లలో కార్మికులకు 50 నుంచి 55కి, ఆఫీసు ఉద్యోగినులకు 55 నుంచి 58కి పెంచుతున్నారు. పింఛన్ల కోసం అది తప్పదు గానీ, ఇంట్లో ఆసరా ఆలస్యమవుతుంది.

గోదారిగట్టు:
మన ఆంధ్రలోనూ 2024లో స్థానిక ఎన్నికల్లో ఇద్దరికి మించి పిల్లలున్నవాళ్లు పోటీ చేయకూడదన్న నిబంధన ఎత్తేశారు కదండీ. ఫలితం ఉంటుందా?

లెక్కలబడి:
నాకైతే ఆశ లేదు. ఆ నిబంధన తగిలేది పోటీ చేసేవాళ్లకే. 2019–21 కుటుంబ ఆరోగ్య సర్వేలో ఆంధ్ర రేటు 1.7, తెలంగాణది 1.8. అదే సర్వే ప్రకారం ఆంధ్రలో 15–49 ఏళ్ల వివాహితల్లో నూటికి దాదాపు 70 మంది ఆపరేషన్ చేయించుకున్నవాళ్లే. నిబంధన ఉన్నా పోయినా వాళ్లకు తేడా లేదు.