యోసెమిటీ: అడవిని కాపాడారా, జనాన్ని వెళ్లగొట్టారా?

వెన్నెలబాట:
అమెరికాలోని యోసెమిటీ జాతీయ పార్కును "మనిషి చెయ్యి పడని అడవి" అని ఇక్కడ ఒకరు పొగిడారు. ఆ మాట నాకు మింగుడుపడలేదు. ఆ లోయలో ఆవానీచీ అనే ఆదివాసీ జనం తరతరాలుగా బతికారు. కాలిఫోర్నియాలో బంగారం బయటపడ్డాక, 1851లో మారిపోసా బెటాలియన్ అనే సాయుధ దళం లోపలికి దిగి వాళ్ల ఇళ్లనూ, తిండికి దాచుకున్న ఓక్ గింజలనూ తగలబెట్టింది. వాళ్ల నాయకుడు టెనాయా కొడుకును కాల్చి చంపారు. అక్కడి సరస్సుకు టెనాయా పేరు పెడుతున్నామని దళంలోని బన్నెల్ చెబితే, దానికి మేం పెట్టిన పేరు ముందే ఉంది అన్నాడట ఆ పెద్దాయన. బన్నెల్ స్వయంగా రాసిన సంగతి ఇది. చదివినప్పుడల్లా గొంతు పట్టేస్తుంది.

గట్టుమీద:
ఘోరమే, కాదనను. కానీ ఆ దళాన్ని పంపింది పార్కు కాదు కదా. లింకన్ 1864లో లోయను కాపాడమని రాష్ట్రానికి అప్పగించాడు, జాతీయ పార్కు 1890లో వచ్చింది. పార్కు లోపలున్న హెచ్ హెచీ లోయనే 1913 నాటి చట్టంతో శాన్‌ఫ్రాన్సిస్కో నీళ్ల కోసం ముంచేశారు. ఆ మాత్రం రక్షణ కూడా లేకపోతే ఏం మిగిలేది?

వెన్నెలబాట:
మరి 1969 సంగతి? మిగిలిన కుటుంబాలకు పార్కువాళ్లే 1930లలో చిన్న ఇళ్లు కట్టించారు. తర్వాత పార్కులో ఉద్యోగం ఉన్నవాళ్లే ఉండాలన్నారు. అంటే ఉద్యోగం పోతే ఇల్లూ పోయినట్టే. 1969లో ఆఖరి ఇళ్లు కూడా పడగొట్టారు. ఈ పని చేసింది బంగారం కోసం వచ్చినవాళ్లు కాదు.

చిరుగాలి:
నిప్పు గురించి ఇద్దరూ మాట్లాడలేదు. ఆవానీచీలు పొదలకు చిన్న చిన్న మంటలు పెట్టేవాళ్లు. నేల శుభ్రమై, నల్ల ఓక్ చెట్లకు ఎండ తగిలి గింజలు బాగా కాసేవి. ఆ మంటలు ఆగాక పచ్చిక బయళ్ల మీదికి పైన్, సీడర్ చెట్లు ముసురుకున్నాయి. 1970ల నుంచి పార్కువాళ్లే కావాలని మంటలు పెడుతున్నారు. చెయ్యి పడని అడవి అనుకున్నది నిజానికి పెంచిన తోట.

గట్టుమీద:
ఇది నన్ను ఆలోచనలో పడేసింది. అయినా ఏటా లక్షల మంది వచ్చే చోట మళ్లీ ఊరు కట్టడం కుదురుతుందా?

వెన్నెలబాట:
పాత ఊరు వాహోగా ఉన్న చోట వేడుకలు చేసుకునేందుకు 2018లో ఆదివాసీ మండలితో పార్కు ఒప్పందం చేసుకుంది. సంతోషమే, కానీ నాకు సరిపోదు. ఏ ఓక్ తోపులో ఎప్పుడు నిప్పు పెట్టాలో తేల్చే చోట కూడా వాళ్లు కూర్చోవాలి.