చింతాద్రిపేట కూవం వంపులో ఎందుకు పుట్టింది?

గూడూరు కుర్రోడు:
ఉద్యోగం కోసం చెన్నై వచ్చాను. రోజూ ఎం.ఆర్.టి.ఎస్. రైల్లో చింతాద్రిపేటలో దిగి ఆఫీసుకు నడుస్తాను. మ్యాపులో చూస్తే కూవం ఏరు వంపు తిరిగి పోతుంది, పేటంతా ఆ వంపులోనే ఉంది. ఇంత కంపు పక్కన ఊరు ఎవరు కట్టారో! పైగా సెయింట్ జార్జి కోటకు ఇంత దగ్గరలో ఉన్నా ఇది విడి ఊరులా అనిపిస్తుంది. ఎందుకో తెలిసినవాళ్లు చెప్పండి.

మైలాపూర్ మామ్మ:
నేతగాళ్ల కోసం ఈస్టిండియా కంపెనీ వేసిన పేట నాయనా, 1734లో. మిగతాది పేటవాళ్లే చెప్పాలి.

పాత బండ్ల బాబాయ్:
పేటవాణ్ణి వచ్చేశాను. ఇల్లు అరుణాచల నాయకన్ వీధి పక్క సందులో, అంగడి ఏరు దాటితే పుదుపేటలో.

ముక్కు మూసుకునే తమ్ముడూ, ఆ రోజుల్లో ఇక్కడికి వచ్చిందే ఏటి కోసం. గుడ్డ నేస్తే సరిపోదు కదా. ఉతకాలి, చలువ చెయ్యాలి, అద్దకం వెయ్యాలి, ఆరబెట్టాలి. వీటికి నీళ్లూ ఎండా ఖాళీ నేలా కావాలి. కోట పక్కన కిక్కిరిసిన నల్లపట్నంలో, అంటే మనవాళ్లుండే బ్లాక్ టౌన్‌లో, అవెక్కడ? కంపెనీకేమో సీమకు పంపే బట్ట ఎంతున్నా చాలదు. గవర్నర్ మార్టన్ పిట్ కన్ను ఈ వంపు మీద పడింది.

అప్పటికి ఇది సుంకురామ చెట్టి తోట. మన కోమటాయనే, కంపెనీకి ప్రధాన వర్తకుడిగా చేశాడు. తరవాత వాళ్లతో చెడింది. పదవి పోయింది, తోటా పోయింది. పిట్ దొరను పేట స్థాపకుడని అందరూ పొగుడుతారు గానీ నాకది మింగుడుపడదు. ఒకరి తోట తీసుకుని ఊరు వెయ్యడం ఏం గొప్ప? సుంకురాముడి పేరు చూడాలంటే జార్జిటౌన్ వెళ్లాలి, అక్కడో వీధికి ఉంది.

విడి ఊరులా ఎందుకుందంటే, అలాగే వేశారు కాబట్టి. నూలు వడికేవాళ్లు, నేసేవాళ్లు, అద్దేవాళ్లు, ఉతికేవాళ్లు, గుడి సేవకులు, వీళ్లకే చోటు. ఇల్లు కట్టుకోవడానికి అప్పులిచ్చి మరీ పిలిచారు. పిట్ దుబాసీ, అంటే దొరకు మాట తర్జుమా చేసి పనులు చక్కబెట్టే ఆయన, ఆదియప్ప నారాయణ చెట్టి గుళ్లు కట్టించాడు. ఆదికేశవ పెరుమాళ్, ఆదిపురీశ్వరర్ ఇద్దరూ ఇప్పటికీ ఇరుగుపొరుగే. మగ్గం చప్పుడు మాత్రం మా నాన్న కూడా వినలేదు. ఇప్పుడు పేటంటే చేపల మార్కెట్టు, బండ్ల సామాన్లు.

రాజమండ్రి రావు:
బాబాయ్ మా కాటన్ దొరను వదిలేశారు. 1836లో చింతాద్రిపేట వంతెన దగ్గర చిన్న రైలు పట్టా వేసి చూశారు. మరుసటి ఏడు రెడ్ హిల్స్ రైలు దారి నడిచింది, రోడ్లు వెయ్యడానికి రాయి మోసింది. దాని వెనక ఉన్నది ఆర్థర్ కాటనే. గోదావరి మీద ధవళేశ్వరం ఆనకట్ట పని మొదలైంది 1847లో, అంటే మా కన్నా ముందు మీకే పని చేశాడు. దేశంలో మొదటి రైలు బొంబాయి–ఠాణా, 1853 అని బడిలో బట్టీ పట్టిన నాకు ఇది తెలిసినప్పుడు భలే కోపం వచ్చింది.

గూడూరు కుర్రోడు:
మరి ఆ ఏరు ఇలా ఎందుకు తయారైంది బాబాయ్?

పాత బండ్ల బాబాయ్:
పైన బాగానే ఉంటుందయ్యా. తిరువళ్లూరు జిల్లాలో కూవం అనే ఊరే ఉంది. అక్కడికి కాస్త పైన కేశవరం ఆనకట్ట దగ్గర నీళ్లను పూండి చెరువు వైపు తిప్పుతారు, పట్నం తాగడానికి. ఇటు వానాకాలంలో తప్ప పెద్దగా రాదు. మిగతా ఏడాదంతా పారేది మన మురుగే. సముద్రం దగ్గర మొగను ఇసుక మూసేస్తుంది, అందుకే కదలదు. తాగేదీ మనమే, వదిలేదీ మనమే, తిట్టేది మాత్రం కూవాన్ని.

ఆదివారం పొద్దున్నే రా, గుళ్లు చూపిస్తాను. మధ్యాహ్నం మూసేస్తారు. చేపలు తినేవాడివైతే సంచీ తెచ్చుకో.