అడవినాభికి శాస్త్రీయ నామం గ్లోరియోసా సుపర్బా: అర్థమేమిటి, అవసరమేమిటి?

తీగబాట

నమస్కారం. వానలు పడ్డాక శేషాచలం కొండల్లో, నల్లమల అంచుల్లో పొదల మీదికి ఎగబాకి పూసే అడవినాభిని మీలో చాలామంది చూసే ఉంటారు. ఆరు రేకులూ వెనక్కి విరుచుకుని, అంచులు అలలుగా ముడతలు పడి, మొదట పసుపు, కొసన ఎరుపు. కొన్ని రోజులు పోయాక అదే పువ్వు పూర్తిగా ఎర్రబడుతుంది.

ఒక ఊళ్లో దీన్ని అడవినాభి అంటే పక్క ఊళ్లో పొత్తిదుంప అన్నారు. మూలికలు తెలిసిన ఒక పెద్దాయన ఉత్త ‘నాభి’ అన్నారు. పుస్తకాలు తిరగేస్తే లాంగలి, కలిహారి, అగ్నిశిఖ అని కనిపించాయి. శాస్త్రీయ నామం మాత్రం అన్నిచోట్లా ఒక్కటే: గ్లోరియోసా సుపర్బా. ఆ రెండు మాటలకు అర్థమేమిటి? వృక్షశాస్త్రం చదవనివాళ్లకు ఆ పేరు ఎప్పుడైనా నిజంగా అక్కరకు వచ్చిందా? నిఘంటువు అర్థంతో ఆగకుండా, ఆ పేరుతో మీకు పడిన పని కూడా చెబితే సంతోషం.

ఎండుటాకుల పుటలు

కళాశాలలో వృక్షశాస్త్రం చెబుతాను, కాబట్టి మొదటి ప్రశ్నకు నేను జవాబిస్తాను.

రెండూ లాటిన్ మాటలు. గ్లోరియా అంటే కీర్తి, వైభవం. గ్లోరియోసా అంటే వైభవం నిండినది. సుపర్బా అంటే అతిశయించిన శోభ గలది. మొదటి మాట ప్రజాతిని, అంటే దగ్గరి చుట్టరికం ఉన్న మొక్కల గుంపును చెబుతుంది, రెండోది ఆ ప్రజాతిలో ఈ మొక్క ఏదో విడదీసి చెప్పే విశేషణం. లాటిన్‌లో విశేషణం నామవాచకపు లింగాన్ని అనుసరిస్తుంది. గ్లోరియోసా స్త్రీలింగం, అందుకే సుపర్బా. డయాంథస్ అనే మరో పూలమొక్క పేరు పుంలింగం, అందుకే అక్కడ అదే విశేషణం డయాంథస్ సుపర్బస్ అయింది. ఈ ఒక్క సూత్రం పట్టుబడితే కొరుకుడుపడని పేర్లు ఎన్నో సులువుగా నోటికొస్తాయి. తరగతిలో నేను ముందుగా చెప్పేది ఇదే.

సుపర్బస్‌కు గర్విష్ఠి, అహంకారి అన్న అర్థం కూడా ఉంది. రోము చివరి రాజు టార్క్వినియస్‌కు తగిలించిన బిరుదు అదే. పూల పేర్లలో దాన్ని శోభ అనే అర్థంలోనే వాడతారు. అయినా, మొగ్గగా తల వేలాడేసి ఉండి, విచ్చుకునే వేళకు రేకులన్నిటినీ పైకి ఎగదన్నే ఈ పువ్వుకు రెండు అర్థాలూ నప్పుతాయని నా అభిప్రాయం.

పేరును పూర్తిగా రాస్తే చివర ‘ఎల్.’ అని ఒక పొడి అక్షరం ఉంటుంది. అది స్వీడన్ వృక్షశాస్త్రజ్ఞుడు లిన్నేయస్ గుర్తు. 1753లో వెలువడిన స్పీషీస్ ప్లాంటారమ్‌లో ఆయన ఈ పేరు ప్రచురించారు. మొక్కల పేర్లకు ఆ గ్రంథాన్నే ప్రారంభ స్థానంగా ప్రపంచమంతా ఒప్పుకుంది.

తాళపత్రం

అంతకు ముందే దీనికి గ్రంథాల్లో ఒక పేరుంది, అది మన దక్షిణాది పేరే. కొచ్చిలో డచ్చివారి అధికారిగా ఉన్న వాన్ రీడ్ 1678 నుంచి 1693 వరకు ఆమ్‌స్టర్‌డామ్‌లో 12 సంపుటాలుగా అచ్చు వేయించిన హోర్టస్ మలబారికస్ అనే మలబారు మొక్కల గ్రంథంలో ఈ మొక్క బొమ్మతో సహా ‘మెందోని’ అని ఉంది. మలయాళంలో ఇప్పటికీ మేందోన్ని అనే అంటారు. ఆ మాటే మెథోనికాగా మారి ఐరోపా పుస్తకాల్లోకి ఎక్కింది.

గ్రీకు, లాటిన్ మూలాలు లేని ప్రజాతి నామాలను తోసిపుచ్చాలని లిన్నేయస్ 1751లో ఫిలాసఫియా బొటానికాలో సూత్రం రాశారు. మెథోనికా పక్కకు పోయింది, గ్లోరియోసా నిలిచింది. ఆ తర్వాత కూడా కొందరు మెథోనికా సుపర్బా అని రాశారు గాని, ఇప్పుడది పర్యాయనామం మాత్రమే. నాకు ఇది బాధ కలిగించే విషయం. చెట్టెక్కి కాయ కోసినవాళ్లు, గుణం చెప్పినవాళ్లు, హోర్టస్ మలబారికస్‌కు సాయపడిన ఇట్టి అచ్యుతన్ లాంటి వైద్యులు మలబారువాళ్లు, పేరు మాత్రం రోముది. అదే లిన్నేయస్ బచ్చలికి మాత్రం బసెల్లా అనే మలబారు పేరు ఉంచారు, చూడండి. ఆ ఒక్క మాట చదివినప్పుడల్లా ప్రాణం లేచి వస్తుంది.

ఉపయోగం సంగతి: పాత గ్రంథాల్లో వెతికేటప్పుడు గ్లోరియోసాతో దొరకనిది మెథోనికాతో దొరుకుతుంది. శాస్త్రీయ నామంతో పాటు దాని పర్యాయనామాలు కూడా రాసి పెట్టుకోండి.

ఔషధవనం

ఆయుర్వేద వైద్యుడిని. నాకు ఈ పేరుతో రోజూ పనే.

లాంగలం అంటే నాగలి. దుంప తవ్వి చూస్తే అర్థమవుతుంది: రెండు పాయలుగా చీలి, ఒక పాయ వంగి, అచ్చం నాగలి ఆకారం. కాబట్టి లాంగలి అన్న పేరు గుర్తింపుకు పనికొస్తుంది. చిక్కంతా అగ్నిశిఖతోనూ నాభితోనూ వస్తుంది. అమరకోశంలో ‘అగ్నిశిఖా’ అని స్త్రీలింగంలో ఉంటే లాంగలి, ‘అగ్నిశిఖం’ అని నపుంసకలింగంలో ఉంటే కుంకుమపువ్వు. తెలుగులోకి వచ్చేసరికి చివరి అక్షరం పొట్టిదై రెండూ అగ్నిశిఖే అయ్యాయి! ఒకటి పాలల్లో వేసుకునేది, మరొకటి ప్రాణం తీసేది.

నాభి ఇంతకంటే ప్రమాదం. మూలికల దుకాణంలో నాభి అంటే సాధారణంగా వసనాభి ఇస్తారు. అది హిమాలయాల్లో పెరిగే అకోనైటమ్ ఫెరాక్స్. మన అడవినాభితో దానికి చుట్టరికం లేదు, కుటుంబమే వేరు. రసశాస్త్రంలో వత్సనాభి మహావిషం, లాంగలి ఉపవిషం. లాంగలి దుంపను గోమూత్రంలో నానబెట్టి శోధన, అంటే శుద్ధి చేస్తారు. అది శిక్షణ పొందినవాళ్లు చేసే పని, ఇంట్లో ప్రయత్నించేది కాదు. లాంగలి తెప్పించమని ఒక దుకాణానికి చెబితే వసనాభి ముక్కల పొట్లం వచ్చింది. రంగు, విరుపు చూసి వెనక్కి పంపాను. అప్పటినుంచి సరుకు చీటీ మీద తెలుగు పేరు, సంస్కృత నామం, శాస్త్రీయ నామం మూడూ రాయనిదే పంపను.

రాత్రిపాళి

ఔషధవనం గారు చెప్పిన నాభి సంగతికి ఆసుపత్రి వైపునుంచి కొంత కలుపుతాను. అత్యవసర విభాగంలో పనిచేస్తాను.

‘ఏదో నాభి తిన్నాడండీ’ అంటూ తీసుకొస్తారు. అది వసనాభి అయితే పెదవులూ నాలుకా తిమ్మిరెక్కుతాయి, కొద్ది గంటల్లోనే గుండె లయ తప్పుతుంది. మా కళ్లన్నీ ఈసీజీ మీదే ఉంటాయి. అడవినాభి అయితే దారి వేరు. కొన్ని గంటలకు విపరీతమైన వాంతులు, విరేచనాలు మొదలవుతాయి. అవి తగ్గాక మనిషి తేరుకున్నట్టే కనిపిస్తాడు. తర్వాతి రోజుల్లో ఎముక మజ్జ దెబ్బతిని రక్తకణాలు పడిపోతాయి, మూత్రపిండాలు మొరాయిస్తాయి. బతికి బయటపడ్డవాళ్లకు ఒకటి రెండు వారాల్లో జుట్టు కుచ్చులు కుచ్చులుగా రాలిపోతుంది. దీనికి అందుబాటులో విరుగుడు మందు లేదు, ఆసరాగా చికిత్స చేస్తూ కాపాడుకోవాల్సిందే. ‘తగ్గింది కదా’ అని రెండో రోజే ఇంటికి పంపకూడదన్నది అసలు సంగతి. అందుకే అది ఏ మొక్కో కచ్చితంగా తెలియాలి.

దుంపను చిలగడదుంప అనుకుని ఉడికించి తిన్న ఉదంతాలు శ్రీలంక వైద్య పత్రికల్లో నమోదయ్యాయి. ఉడికిస్తే ఈ విషం పోదు. పేరు చెప్పలేకపోతే మొక్క ముక్కనో, మిగిలిన దుంపనో, కనీసం ఫోనులో ఫొటోనో తీసుకురండి. పువ్వు లేకపోయినా ఆకు కొస చూసి పోల్చవచ్చు.

తీగబాట

ఆకు కొస నేనూ గమనించాను. ఆకు సన్నబడుతూ పోయి చివర తీగలా చుట్టుకుంటుంది, దానితోనే పక్క కొమ్మను పట్టుకుని పైకి పోతుంది. ఎంత ముచ్చటగా ఉంటుందో!

ఇప్పుడు నాకొక సందేహం. నాగలి అన్న పేరు దుంపను చూపిస్తుంది, అగ్నిశిఖ పువ్వును చూపిస్తుంది, నాభి విషాన్ని గుర్తుచేస్తుంది. గ్లోరియోసా సుపర్బా మాత్రం పొగడ్త మీద పొగడ్త. ఇంత విషపు మొక్కకు పెట్టిన పేరులో ఒక్క హెచ్చరికైనా లేదే?

ఎండుటాకుల పుటలు

రెండు మాటల్లో లేదు, నిజమే. వసనాభికి చూడండి, ఫెరాక్స్ అంటే క్రూరమైనది. అక్కడ పేరే భయపెడుతుంది. అయితే శాస్త్రీయ నామాన్ని కుటుంబంతో కలిపి చదవాలి. అడవినాభి ఒకప్పుడు లిలియేసీలో ఉండేది. లిల్లీల కుటుంబం అనగానే ఎవరికీ భయం వేయదు. ఇప్పుడు కోల్చికేసీలో చేర్చారు. ఆ కుటుంబానికి పేరిచ్చిన కోల్చికమ్ అనే మొక్క పేరు కోల్చిస్ నుంచి వచ్చింది. నల్లసముద్రం తీరాన, నేటి జార్జియాలో ఉన్న ప్రాంతమది. గ్రీకు పురాణాల్లో విషమూలికలు తెలిసిన మెడియా పుట్టిల్లు. కోల్చికేసీ అన్న మాట కనబడితే అడవినాభిలో ఉన్న కోల్చిసిన్ అనే విషం ఉండవచ్చునని వెంటనే అనుమానించాలి. వర్గీకరణ మార్పుల మీద విసుక్కునేవాళ్లకు నేనిచ్చే ఉదాహరణ ఇదే.

కోల్చిసిన్ చేసే పని కూడా చెప్పుకోవాలి. కణం రెండుగా చీలేటప్పుడు క్రోమోజోములను చెరో వైపుకు లాగే పోగులను అది అల్లుకోనివ్వదు. అందుకే వేగంగా విభజన జరిగే పేగు పొర, మజ్జ, జుట్టు కుదుళ్లు ముందుగా దెబ్బతింటాయి. రాత్రిపాళి గారు చెప్పిన లక్షణాల వరుసకు కారణం అదే. ఆ గుణాన్నే 1937 నుంచి మొక్కల ప్రజననంలో క్రోమోజోములను రెట్టింపు చేయడానికి వాడుకుంటున్నారు.

దుంపసాగు

తమిళనాడులో ధారాపురం, మూలనూరు, వేదారణ్యం వైపు దీన్ని విత్తనాల కోసం పొలాల్లో పండిస్తారు. అక్కడి రైతుల దగ్గర చూసి నేర్చుకుని కొద్ది విస్తీర్ణంలో వేశాను. పందిరికి తీగె పాకించడం కంటే పరాగ సంపర్కమే పెద్ద పని. పువ్వులో కీలం అండాశయం దగ్గరే అడ్డంగా వంగి పక్కకు పోతుంది, కేసరాలకు దూరంగా. తన పుప్పొడి తనకే అంటకుండా ఆ ఏర్పాటు. అడవిలో ఆ పని సీతాకోకచిలుకలు, తేనెపిట్టలు చూసుకుంటాయి. పొలంలో కాయ బాగా కట్టాలంటే పొద్దున్నే ఒక్కో పువ్వు దగ్గరా నిలబడి పుప్పొడిని చేత్తో అద్దాలి. దుంప నాటేటప్పుడు కొస విరగకుండా చూడాలి. మొలక ఆ కొసనుంచే వస్తుంది, విరిగితే ఆ పాయ పనికిరాదు. చేతులకు తొడుగులు తప్పనిసరి.

విత్తనాలు కోల్చిసిన్, థయోకోల్చికోసైడ్ తయారీకి పోతాయి. మొదటిది గౌట్ అనే కీళ్లవాతానికి పాత మందు, రెండోది పట్టేసిన కండరాలను సడలించేది.

పేరు విషయానికొస్తే కొనుగోలులోనూ అమ్మకంలోనూ శాస్త్రీయ నామం తప్ప ఇంకోటి చెల్లదు. అయితే అందులోనూ ఒక మెలిక ఉంది. పూల వ్యాపారులు ఇప్పటికీ గ్లోరియోసా రోత్‌షిల్డియానా అని అమ్ముతారు. వృక్షశాస్త్రజ్ఞులు దాన్ని సుపర్బాలోనే కలిపేశారు. ఆ పేరుతో వచ్చేవి కుండీలకు, కోసి అమ్మే పూలకు బాగుంటాయి. విత్తనాల కోసమైతే పేరుతో పాటు దుంప ఎక్కడిదో కూడా అడగండి.

కాందళ్

మాది తిరుపతి దాటాక వచ్చే ఊరు, మా ఇంట తమిళం, తెలుగు రెండూ నడుస్తాయి. తమిళంలో దీన్ని సెంగాందళ్ అంటారు, తమిళనాడు రాష్ట్ర పుష్పం. సంగం కవులు స్త్రీల వేళ్లను ఈ పూరేకులతో పోల్చారు. వ్యవసాయదారులు కలప్పైకిళంగు అంటారు, కలప్పై అంటే నాగలే. మన పుస్తకాల్లో కనిపించే కలప్పగడ్డ అన్న మాటకు మూలం ఇదే అనుకుంటాను. ఇంకో పేరు కణ్వలిక్కిళంగు: కంటినొప్పి దుంప. ఆ పువ్వును అదేపనిగా చూస్తే కళ్లకలక వస్తుందని పెద్దవాళ్ల నమ్మకం. పిల్లలను దూరంగా ఉంచడానికి అది బాగానే పనిచేసి ఉంటుంది.

జింబాబ్వేకు కూడా ఇదే జాతీయ పుష్పం. 1947లో అప్పటి యువరాణి ఎలిజబెత్‌కు అక్కడి బడిపిల్లల తరఫున ఈ పువ్వు ఆకారంలో వజ్రాల బ్రోచ్ బహూకరించారు. అక్కడివాళ్లు వేరే పేరుతో పిలిచినా, వాళ్లదీ మనదీ ఒకటే మొక్క అని తేల్చేది ఆ లాటిన్ పేరే కదా.

తీగబాట

అందరికీ కృతజ్ఞతలు. ఇన్ని సంగతులు వస్తాయని అనుకోలేదు. మా నడక బృందం అడవి దారి మొదట్లో కొన్ని మొక్కలకు పేరు పలకలు పెట్టబోతోంది. అడవినాభి పలక మీద ఏమేమి రాయమంటారు? అన్ని పేర్లూ పట్టవు.

తాళపత్రం

అడవినాభి, పొత్తిదుంప పెద్ద అక్షరాల్లో పైన ఉండాలి. లాటిన్ కింద.

ఎండుటాకుల పుటలు

ఒప్పుకుంటాను. అయితే శాస్త్రీయ నామాన్ని తెలుగు లిపిలో మాత్రమే రాయకండి, ఒకరు గ్లోరియోసా అంటారు, ఇంకొకరు గ్లోరియోజా అంటారు. రోమన్ లిపిలో వాలు అక్షరాలతో, మొదటి మాటకు పెద్ద అక్షరం, రెండో మాట మొత్తం చిన్న అక్షరాల్లో. పక్కన కోల్చికేసీ.

రాత్రిపాళి

‘నాభి’ అని విడిగా ఎక్కడా రాయవద్దు. ‘దుంప, ఆకు, పువ్వు, విత్తనం అన్నీ విషం. ఉడికించినా పోదు’ అన్న వాక్యం పేర్లకంటే పెద్దగా, ఎర్రటి రంగులో ఉండాలి. పలకను పిల్లల కంటి ఎత్తులో బిగించండి.