ఒక్కరే కళ్లారా చూసిన కేసులో అప్పీలుకు వెళ్తే శిక్ష నిలబడుతుందా?

కోర్టు వ్యవహారాలు తెలిసినవాళ్లు కాస్త చెప్పండి. మాది అనంతపురం దగ్గర పల్లె. పొలం గట్టు తగాదాలో మా చిన్నాన్నను చంపిన ఇద్దరికి సెషన్స్ కోర్టు యావజ్జీవం వేసింది, ఇప్పుడు వాళ్లు అమరావతిలో హైకోర్టుకు అప్పీలు వెళ్లారు. కళ్లారా చూసింది మా చిన్నమ్మ ఒక్కతే.

సాక్షులు ఇంతమంది ఉండాలని రూలేమీ లేదని పాత సాక్ష్య చట్టం 134వ సెక్షన్‌లోనే ఉందని, పూర్తిగా నమ్మదగిన సాక్షి ఒక్కరున్నా చాలని 1957లో వడివేలు తేవర్ కేసులో సుప్రీంకోర్టు కూడా చెప్పిందని చదివాను. సొంత మనిషి అయినంత మాత్రాన సాక్ష్యం కొట్టెయ్యరనీ తెలుసు. నా టెన్షన్ వేరే. రాత్రి శెనక్కాయ చేలో, మోటారు షెడ్డు బల్బు వెలుగులో మొహాలు గుర్తుపట్టానని చిన్నమ్మ కోర్టులో చెప్పింది. పోలీసులకిచ్చిన వాంగ్మూలంలో ఆ బల్బు ఊసే లేదు, పంచనామాలో షెడ్డు ఉంది గానీ బల్బు రాయలేదు (రాసిన మహానుభావుడు ఏం చూశాడో మరి). చంపిన ఆ ఇద్దరేమో పక్క చేనువాళ్లు, ఆమె పెళ్లై వచ్చినప్పటి నుంచి రోజూ చూసే మనుషులు, నడక చూసినా పోల్చుకుంటుంది.

ఇలాంటిదాన్ని హైకోర్టు చిన్న లోపంగా తీసుకుంటుందా, లేక సంశయ లాభం కింద (అంటే అనుమానానికి తావుందని) వాళ్లను వదిలేస్తుందా? ప్రభుత్వ లాయరుకు తోడుగా మేమూ ఒక లాయర్ని పెట్టుకుంటే ఏమైనా ఉపయోగం ఉంటుందా?