మిగిలిన కంచి పట్టుతో స్క్రంచీలు, క్లిప్పులు, జడబిళ్ళలు: నమూనాలు తేడా కొడుతున్నాయి

నీలిదారం (చెన్నై):

నెలాఖరున అక్క కూతురి ఓణీల ఫంక్షను. లంగా, జాకెట్టు కుట్టగా రెండు ముక్కలు మిగిలాయి. ఒకటి 50 × 35 సెం.మీ. ఒళ్ళు గుడ్డ, ఇంకోటి 60 × 8 జరీ అంచు. రెండూ కంచి పట్టే. వీటిలోంచే స్క్రంచీలు (ఎలాస్టిక్ మీద గుడ్డ కుచ్చు తొడిగిన జుట్టు బ్యాండ్లు) రెండు, చిన్నపిల్లలకి క్లిప్పులు ఆరు, అమ్మాయికి జడబిళ్ళలు ఏడు రావాలి. జడ మెడ దగ్గర్నించి 45 సెం.మీ. ఉంటుంది.

వేరే గుడ్డ మీద ఒక్కోటి చేసి చూస్తే మూడూ తేడాగానే వచ్చాయి. స్క్రంచీ (10 మి.మీ. ఎలాస్టిక్, 25 సెం.మీ., ముడి వేశాను) మూడు చుట్లు తిప్పినా జారిపోతోంది. క్లిప్పుకి గ్లూ గన్‌తో అంటించిన పువ్వు మర్నాటికి జిగురుతో సహా పొరలా ఊడొచ్చింది. జడబిళ్ళేమో జడలో నిలవదు, గిర్రున తిరిగి పక్కకి ఒరిగిపోతుంది. పట్టు మీద కత్తెర పెట్టకముందే సంగతేంటో తెలుసుకోవాలి. ఇంట్లో ఉన్నది పాత నల్ల మిషను, జిగ్‌జాగ్ లేదు.

కాజాకుట్టు (బెంగళూరు):

ముందు గుడ్డ లెక్క. పెద్ద ముక్కని 50 సెం.మీ. పొడవునా నాలుగు పట్టీలు చేయండి: 10, 10, 7, 8. రెండు పదులూ స్క్రంచీలకి. 7 బిళ్ళలకి, 8 మిగులు. క్లిప్పులకి జరీ అంచు వాడండి, బిగువుగా ఉంటుంది కాబట్టి బో (సీతాకోకచిలుక రెక్కల్లాంటి ముడి) నిలబడుతుంది.

మీ స్క్రంచీలో తప్పు ఎలాస్టిక్‌దే. 6 మి.మీ. అల్లిక ఎలాస్టిక్ 18 సెం.మీ. తీసుకోండి, ఒత్తు జుట్టయితే 20, చిన్నపిల్లలకి 16. గుడ్డ పొడవు ఎలాస్టిక్ చుట్టుకి మూడు రెట్లు దాకా ఉంటే కుచ్చు నిండుగా వస్తుంది. ముడి వేయకండి, నున్నటి ఎలాస్టిక్ మీద ముడి లాగినకొద్దీ జారుతుంది. కొసలు ఒకదానిమీద ఒకటి 1 సెం.మీ. ఎక్కించి, ఆ చదరంలోనే మిషను ముందుకీ వెనక్కీ నాలుగుసార్లు తిప్పండి. జిగ్‌జాగ్ అక్కర్లేదు. మిగతా పొడవులో ఎక్కడా ఎలాస్టిక్‌ని సూదితో పొడవకూడదు, లోపలి రబ్బరు పోగు తెగితే అక్కడ సాగి తిరిగి రాదు.

కుట్టే వరస: పట్టీని తిరగవేసి పొడవునా మడిచి, అంచు నుంచి 7 మి.మీ. లోపల కుట్టి, పిన్నీసు కట్టి తిరగతీయండి. పట్టు పీచు పోతుంది, అందుకే 7 కంటే తగ్గించొద్దు. సూది 11 నంబరు. మామూలుగా మిషనులో ఉండే 16తో కుడితే పట్టు మీద బెజ్జాలు వరసగా కనిపిస్తాయి. ఎలాస్టిక్‌ని అదే పిన్నీసుతో లోపలికి పంపేటప్పుడు రెండో కొసని గొట్టం మూతికి ఇంకో పిన్నీసుతో పట్టి ఉంచండి. అది లోపలికి దూరిపోయిందంటే మళ్ళీ మొదటికే. ఎలాస్టిక్ మెలిక పడలేదని చూసుకుని కలిపి కుట్టాక, గొట్టం ఒక మూతిని 1 సెం.మీ. లోపలికి మడిచి రెండో మూతిని అందులో దూర్చి చేత్తో కుట్టేయండి.

పీచు పోకుండా కొవ్వొత్తికి చూపించే అలవాటు ఉంటే ఇక్కడ పనికిరాదు. అది పాలిస్టరుకి. పాలిస్టరు కరిగి గట్టి అంచు కడుతుంది, పట్టు వెంట్రుక కాలిన వాసనొచ్చి బూడిదై రాలుతుంది. మిగిలిన ముక్క నిజంగా పట్టేనా అన్న అనుమానం మాత్రం దీంతో తీరుతుంది. ఒక్క పోగు లాగి కాల్చి చూడండి చాలు.

పూసలదండ (చెన్నై):

క్లిప్పు సంగతి. గ్లూ గన్ జిగురు నున్నటి ఇనుము మీద పడగానే చల్లారిపోతుంది, పట్టుకునే వ్యవధి ఉండదు. పైగా కొత్త క్లిప్పు మీద తయారీ నాటి నూనె జిడ్డు ఉంటుంది. మీకు పొరలా ఊడింది అందుకే. మన చెన్నై ఎండలో కారు డ్యాష్‌బోర్డు మీద వదిలేస్తే జిగురు మెత్తబడి బో పక్కకి జరుగుతుంది కూడా.

4.5 సెం.మీ. ఎలిగేటర్ క్లిప్పు (మొసలి నోరులా తెరుచుకునేది) తీసుకోండి. పై దవడని 120 నంబరు గరుకు కాగితంతో రుద్ది, స్పిరిట్‌తో తుడవండి. తర్వాత ఆ దవడకి గీతల రిబ్బను (గ్రోగ్రేన్ అని అడగండి, 1 సెం.మీ. వెడల్పు) బీ-7000 జిగురుతో తొడుగులా అంటించండి. రెండువైపులా పల్చగా రాసి, మూడు నాలుగు నిమిషాలు ఆగి, వేలికి అంటుకునేంత బంకగా అయ్యాక అదమాలి. తడిగా ఉండగానే అదిమితే పక్కకి పొంగి కింది దవడకి కారుతుంది, ఇక క్లిప్పు తెరుచుకోదు. దవడల మధ్య కాగితం ముక్క పెట్టుకోండి. పూర్తిగా గట్టిపడటానికి 24 నుంచి 48 గంటలు పడుతుంది, ఆలోగా లాగి చూడొద్దు.

బో: అంచు పట్టీని పది పది సెంటీమీటర్ల చొప్పున ఆరు చేయండి. 8 వెడల్పుని వెనకవైపుకి మడిచి 4 చేసి, రెండు కొసల్నీ వెనక మధ్యలో కలపండి. నడుం నొక్కి నాలుగు చుట్లు దారంతో బిగించండి. 8 సెం.మీ. మిగులు పట్టీలోంచి 3 × 5 ముక్క మూడు మడతలు చేసి నడుంకి చుట్టి, వెనక రిబ్బను తొడుగుతో కలిపి కుట్టేయండి. ఇక్కడికి వచ్చాక జిగురుతో పనిలేదు.

ఫెవిక్విక్ జోలికి వెళ్ళకండి. గుడ్డ బిరుసెక్కి నల్లమచ్చ పడుతుంది, దాని ఆవిరికి దగ్గర్లో ఉన్న రాళ్ళ మీద తెల్లటి బూజులాంటిది కడుతుంది. నూలు గుడ్డ మీద ఎక్కువ పడితే చెయ్యి కాలేంత వేడి పుడుతుంది కూడా. మూడేళ్ళలోపు పిల్లల క్లిప్పులకి పూస, రాయి ఏదీ పెట్టొద్దు. ఊడితే నోట్లోకే వెళ్తుంది.

కుప్పెలజడ (చెన్నై):

బిళ్ళ తిరగడానికి కారణం వెనక ఒకే కొక్కెం ఉండటం. ఒక్కచోట పట్టిన బిళ్ళ ఇరుసు మీద చక్రంలా తిరుగుతుంది. వెనక అడ్డంగా రెండు దారపు కాజాలు (పిన్ను దూరే దారపు ఉచ్చులు), మధ్య 1.5 సెం.మీ. దూరం పెట్టి వేయండి. నాలుగు పోగుల దారాన్ని అటూ ఇటూ మూడుసార్లు తీసి దాని మీద కాజా కుట్టు. జుట్టు పిన్ను రెండు కాజాల్లోంచీ దూరి జడ పాయలోకి అడ్డంగా వెళ్తుంది. ఇక తిరగడానికి చోటుండదు.

45 సెం.మీ. జడకి ఏడు బిళ్ళల కొలత ఇలా: మొదటి బిళ్ళ నడిమధ్య మెడ కిందనుంచి 4 సెం.మీ.కి, అక్కణ్ణించి ఒక్కోటి 6 సెం.మీ.కి. ఏడోది 40 దగ్గర పడుతుంది, చివర 5 సెం.మీ. కుప్పెలకి మిగులుతుంది. జడ కిందికి సన్నబడుతుంది కాబట్టి పై మూడు బిళ్ళలు 5 సెం.మీ., నడుమ రెండు 4, కింద రెండు 3. అన్నీ ఒకే సైజు చేస్తే కిందివి జడ దాటి బయటికి పొడుచుకొస్తాయి. కొట్లో దొరికే చవక సెట్లలో ఎబ్బెట్టుగా కనిపించేది అదే.

బిళ్ళకి మూడు పొరలు: బక్రం (గంజి పెట్టినట్టు బిరుసుగా ఉండే గుడ్డ), దాని మీద పట్టు, వెనక ఫెల్టు (మెత్తటి మందపాటి గుడ్డ). బక్రం గుండ్రం అసలు సైజుకి, పట్టు చుట్టూ 1 సెం.మీ. ఎక్కువ ఉంచి. అంటే పట్టులో 7 సెం.మీ. గుండ్రాలు మూడు, 6వి రెండు, 5వి రెండు. మొత్తం 43 సెం.మీ., కాజాకుట్టు గారు చెప్పిన 7 × 50 పట్టీలో చక్కగా పడతాయి. పట్టుని కత్తిరించకముందే వెనక పల్చటి ఫ్యూజింగ్ (వేడికి అంటుకునే లోగుడ్డ) ఇస్త్రీతో అంటించండి. దీంతో పీచు పోదు, బక్రం గరుకు పైకి తెలియదు. ఇస్త్రీ పెట్టెకీ పట్టుకీ మధ్య పొడి నూలు గుడ్డ వేయండి. తడి గుడ్డ వేస్తే నీటి మచ్చ పడుతుంది.

తర్వాత పట్టు గుండ్రం అంచు చుట్టూ సన్నగా పరుగు కుట్టు వేసి, మధ్యలో బక్రం పెట్టి దారం లాగితే గుడ్డ చుట్టిన గుండీలా మూసుకుంటుంది. ముడి వేసి బిగించండి. గుండ్రం చుట్టూ రాళ్ళ గొలుసు (2 మి.మీ.) వస్తే అంచు కనపడదు. 5 సెం.మీ. బిళ్ళ చుట్టుకొలత 15.7, 4కి 12.6, 3కి 9.4. ఏడింటికీ కలిపి 91 సెం.మీ., మీటరు గొలుసు చాలు. జిగురు వద్దు, రెండు రాళ్ళకోసారి రాళ్ళ మధ్య సందు మీదుగా దారం తీసి కుట్టండి. నడుమ పెద్ద రాయి కావాలంటే పక్కల బెజ్జాలున్న కుట్టు కుందన్ అడగండి. ఫెల్టు చివర్లో, ముడులన్నీ లోపలికి పోయాక. దారపు కాజాలు మాత్రం ఫెల్టు అంటించకముందే దాని మీద కుట్టేసుకోవాలి, తర్వాత కుడితే సూది ముందువైపు పట్టుమీదికి వస్తుంది.

సరుకుకి సౌకార్‌పేట నారాయణ మొదలి వీధి సరిపోతుంది, టోకు కొట్లలో క్లిప్పులు డజను లెక్కన ఇస్తారు. బెంగళూరు వాళ్ళకి అవెన్యూ రోడ్ రాజా మార్కెట్.

పూసలదండ:

కుప్పెలజడ గారి మాటకి ఒక్క సవరణ. ఫెల్టుని అంటించకుండా చుట్టూ కుట్టడమే మేలు. పిన్ను దూర్చేటప్పుడు బలమంతా ఫెల్టు మీదే పడుతుంది, అంటించిందయితే మూడోసారికి ఓ మూల లేస్తుంది. అంచు వెంబడి 3 మి.మీ.కో కుట్టు.

కుప్పెలజడ:

నిజమే, అదే సరి. అంటించడం తొందరపని.

నీలిదారం:

బాగా తెలిసింది. ఇంకో రెండు. స్క్రంచీ మీద జరీ గీత వస్తుంది, జుట్టు చిక్కుకుంటుందా? అమ్మాయికి ఆ రోజు మల్లెపూలు కూడా పెడతారు. బిళ్ళలతో కలిపితే ఏమైనా అవుతుందా?

కాజాకుట్టు:

జరీ గీత పట్టీ నడిమధ్యకి వచ్చేలా కత్తిరించండి. మడిచాక అది బయటి అంచుకి పోతుంది, జుట్టుని తాకేది కుట్టు వైపు సాదా పట్టే. గీత అంచులో వచ్చిందంటే మాత్రం జరీ పోగులు వెంట్రుకల్ని పట్టి లాగుతాయి. ఇంకోమాట, కొబ్బరినూనె జుట్టుకి ఈ స్క్రంచీ వాడొద్దు. పట్టు మరక సరే, రబ్బరు కూడా నూనె పీల్చి ఉబ్బి తొందరగా చివికిపోతుంది.

కుప్పెలజడ:

పూలు తలమీద రాగిడి (తల వెనక పెట్టే గుండ్రటి నగ) చుట్టూ, మొదటి బిళ్ళకి పైన ఆగిపోయేలా పెట్టించండి. పూలమ్మే ఆవిడ నీళ్ళు చల్లి ఇస్తుంది కదా, ఆ మూరని ముందే దులిపి ఓ పావుగంట పొడి గుడ్డలో ఉంచితే సరి. తడి దిగితే పట్టు మీద నీటి మరక, రాళ్ళ గొలుసు ఇత్తడికి నలుపు. ఫంక్షను అయ్యాక బిళ్ళలు అలాగే కవరులో వేసేయకండి, లోపల చెమ్మ ఉండిపోతుంది. పొడి నూలు గుడ్డతో ఒక్కోటి తుడిచి, పాత నూలు చీర ముక్కలో, ఒకదానికొకటి తగలకుండా చుట్టి పెట్టండి.