అమ్మకు తూర్పు ఎటో తెలియకపోతే నిద్ర పట్టడం లేదు. ఇది అలవాటా, సంస్కృతా?

అడిగినవారు: లంక ఊరి అమ్మాయి

అందరికీ నమస్కారం. కాస్త పెద్ద పోస్టు, ఓపిగ్గా చదవండి.

మాది అమలాపురం దగ్గర ఒక పల్లెటూరు. నాన్న పోయిన ఆర్నెల్లకి, మొన్న మాఘమాసంలో, అమ్మని హైదరాబాద్ తీసుకొచ్చేశాను. మియాపూర్‌లో తొమ్మిదో అంతస్తు మాది. వచ్చిన రోజు చేతిలో సంచి కూడా కింద పెట్టకుండా అడిగిన మొదటి మాట, "తూర్పు ఎటే?" నేను వెంటనే చెప్పలేకపోయాను. ఏడేళ్లుగా ఉంటున్న ఇల్లు అది.

మా ఊరి ఇంట్లో ఎడమ, కుడి అనే మాటలు నాకు పెద్దగా విన్న గుర్తు లేదు. "పడమటింట్లో బియ్యం డబ్బా వెనకాల", "ఉత్తరం అరుగు మీద ఆరబెట్టాను", "ఆ మంచం కాస్త దక్షిణానికి జరుపు". ఇలాగే మాట్లాడుకునేవాళ్లం. నాన్న భోజనానికి కూర్చుంటే "మంచినీళ్లు నీకు తూర్పు పక్కన పెట్టాను" అనేది అమ్మ. పక్కింటావిడ మాకు తూర్పింటి పిన్ని. చిన్నప్పుడు ఉత్తరానికి తలపెట్టి పడుకుంటే అర్ధరాత్రి అయినా సరే నన్ను నిద్రలోనే ఎత్తి వేరే దిక్కుకి తిప్పేసేది.

ఈ ఫ్లాటు మాకు 'ఈస్ట్ ఫేసింగ్' అని అమ్మారు. అమ్మ వచ్చాక ఫోన్లో దిక్సూచి పెట్టి చూస్తే గుమ్మం తూర్పుకీ ఆగ్నేయానికీ మధ్యలో ఉంది. గోడలన్నీ అలాగే ఏటవాలుగా ఉన్నాయి. అమ్మ బాల్కనీలో నిలబడి పొద్దు ఎటు పొడుస్తోందో చూసి, లోపలికి వచ్చి హాల్లో నడిచేసరికి మళ్లీ తప్పిపోతోంది. రాత్రి మూడింటికి లేచి మంచం మీద కూర్చుంటుంది. డాక్టర్‌కి చూపించాం, బీపీ, షుగర్ బాగానే ఉన్నాయి. "తల ఎటు పెట్టానో తెలియట్లేదే, గాలిలో పడుకున్నట్టుంది" అంటుంది.

మా అబ్బాయికి పదేళ్లు. మొన్న వాడు ఉప్పు డబ్బా అడిగితే "ఉత్తరం అరలో ఉంది నాన్నా" అంది. వాడు "లెఫ్టా రైటా చెప్పు అమ్మమ్మా" అన్నాడు. "ఎవరి ఎడమరా? నువ్వు ఇటు తిరిగితే మారిపోతుందిగా" అంది. వాడికి జవాబు దొరకలేదు. నిజానికి నాకూ దొరకలేదు.

మావారు పెద్దవాళ్ల చాదస్తం అంటారు. నాకు అలా అనిపించడం లేదు. అదే వారం వాడి స్కూల్లో 'మన సంస్కృతి' అని ప్రాజెక్టు ఇచ్చారు. కూచిపూడి బొమ్మ, సంక్రాంతి ముగ్గు, పట్టుచీర, పులిహోర ఫోటోలు అంటించి ఇచ్చేశాం. అమ్మలో ఉన్నది ఆ చార్టు మీద ఎక్కడా లేదు. అందుకే అడుగుతున్నాను. ఇది మా అమ్మ ఒక్కదాని అలవాటా? లేక సంస్కృతి అంటే మనిషి బుర్రలో ఇంత లోతుకి వెళ్లి కూర్చునేదా? మా వాడికి ఇప్పుడు నేర్పితే వస్తుందా?

జవాబు 1: విశాఖ మాస్టారు

అమ్మా, నేను ఆంధ్రా యూనివర్సిటీలో ఆంత్రోపాలజీ (మానవ శాస్త్రం) చదివి, చాలా ఏళ్లుగా డిగ్రీ పిల్లలకు పాఠం చెబుతున్నాను. మీరు రాసింది వచ్చే ఏడాది క్లాసులో చెప్పుకోవాలనిపించింది.

సంస్కృతికి ఈనాటికీ ముందుగా చెప్పే నిర్వచనం 1871లో ఇంగ్లండ్ మానవ శాస్త్రవేత్త ఎడ్వర్డ్ టైలర్ ఇచ్చింది. జ్ఞానం, నమ్మకం, కళ, నీతి, చట్టం, ఆచారం అంటూ జాబితా చెప్పి, చివర్లో ఒక మాట అంటాడు: మనిషి సమాజంలో ఒకడిగా ఉండి సంపాదించుకున్న సామర్థ్యాలు, అలవాట్లు కూడా అందులోవే అని. చార్టుల మీదకి ఎక్కనిది ఆ చివరి మాటే. మీ అమ్మగారికి ఉన్నది ఒక సామర్థ్యం. మీ ఊళ్లో అందరికీ ఉంది, ఎవరూ కూర్చోబెట్టి నేర్పలేదు, నిద్రలో పిల్లని ఎత్తి తిప్పడం ద్వారా వచ్చింది. కాబట్టి అలవాటా సంస్కృతా అని విడదీయనక్కర్లేదు. పదిమందిదీ అయి, పెద్దల నుంచి పిల్లలకు అందిన అలవాటు సంస్కృతే.

బుర్రలో ఎంత లోతుకి వెళ్తుందన్న దానికి ఆస్ట్రేలియా సంగతి చెప్పాలి. క్వీన్స్‌లాండ్ ఉత్తరాన కుక్‌టౌన్ దగ్గర గూగు యిమిథిర్ అనే భాష ఉంది. కంగారూ అన్న మాట 1770లో కెప్టెన్ కుక్ బృందం విని రాసుకున్నది ఆ భాషలోంచే. ఆ భాషలో ఎడమ చేతికి, కుడి చేతికి పేర్లున్నాయి గానీ ఏది ఎక్కడుందో చెప్పడానికి వాటిని వాడరు. అంతా దిక్కులే. అక్కడి పెద్దాయన ఒకరు తన పడవ బోల్తాపడిన కథ 1980లో ఒకసారి, 1982లో ఇంకోసారి చెబుతుంటే పరిశోధకులు చిత్రీకరించారు. మొదటిసారి ఆయన పడమటికి తిరిగి కూర్చున్నాడు, రెండోసారి ఉత్తరానికి. పడవ తూర్పు నుంచి పడమటికి దొర్లింది. మొదటిసారి చెయ్యి తన ముందుకి దొర్లించి చూపించాడు. రెండోసారి కుడి నుంచి ఎడమకి. రెండేళ్ల తర్వాత కూడా పడవ ఆయన మనసులో అసలు దిక్కులోనే దొర్లింది.

భాషకీ ఆలోచనకీ ఉన్న సంబంధాన్ని పరిశోధించిన స్టీఫెన్ లెవిన్సన్ బృందం ఒక తేలికైన పరీక్ష పెట్టింది. బల్ల మీద కొన్ని వస్తువులు చూపించి, మనిషిని వెనక్కి తిప్పి, రెండో బల్ల మీద "అలాగే" పెట్టమంటారు. డచ్ వాళ్లు ఎడమ పక్కది ఎడమ పక్కనే ఉండేలా పెడతారు. ఇలా దిక్కులతో బతికేవాళ్లు ఉత్తరం వైపున్నది ఉత్తరం వైపే ఉండేలా పెడతారు. మీ అమ్మగారితో రెండు గ్లాసులు, ఒక చెంబు పెట్టి చేసి చూడండి.

మన దేశంలోనూ చేశారు. కాశీలో మనస్తత్వ శాస్త్రవేత్తలు రమేశ్ మిశ్రా, జెనీవాకి చెందిన పియర్ దాసెన్ కలిసి సంస్కృత పాఠశాలల పిల్లల్నీ, హిందీ మీడియం పిల్లల్నీ పోల్చారు. కళ్లకు గంతలు కట్టి, తిప్పి, వేరే గదిలోకి తీసుకెళ్లి దిక్కులు అడిగారు. సంస్కృత పాఠశాలల పిల్లలు బాగా చెప్పగలిగారు. సంధ్యావందనం ఎటు తిరిగి చేయాలి, భోజనానికి ఎటు కూర్చోవాలి అన్నది రోజూ పాటించే పిల్లలు కదా. ఒకే ఊరు, ఒకే ఎండ, ఒకే గంగ. మీవాడికి నేర్పితే వస్తుందా అన్నదానికి నా జవాబు ఇందులోనే ఉంది. రోజూ దానితో పని పడితే వస్తుంది.

జవాబు 2: దస్తావేజు తాత

అమ్మాయీ, నేనూ గోదావరి జిల్లావాడినే. 38 ఏళ్లు దస్తావేజులు రాశాను. పొలం దస్తావేజుకి ప్రాణం హద్దుల్లో ఉంటుంది. తూర్పు: ఫలానా వారి చేను. దక్షిణం: పుంత. పడమర: పంట బోదె. ఉత్తరం: మీ బాబాయి గారి కొబ్బరితోట. ఆ నాలుగు లైన్లూ రాసేటప్పుడు చదువు రాని రైతు కూడా కళ్లు మూసుకుని చెప్పేవాడు. ఆడవాళ్లు ఇంకా బాగా చెప్పేవారు, గట్ల మీద కూరకీ గడ్డికీ తిరిగింది వాళ్లు.

ఒకసారి పట్నంలో పెరిగిన కొడుకు, తండ్రి బదులు తనే వచ్చి "రోడ్డు నుంచి వెళ్తే కుడి పక్క మాది" అన్నాడు. ఏ రోడ్డు నుంచి బాబూ అని అడిగాను. ఆ చేనుకి రెండు వైపులా రోడ్డుంది. తండ్రి బతికున్నాడు కాబట్టి సరిపోయింది.

మన డెల్టాలో కొండా లేదు, గుట్టా లేదు. ఎటు చూసినా కొబ్బరిచెట్లే. దిక్కు వదిలేస్తే మనిషికి పట్టుకోవడానికి ఇంకేం ఉంటుంది? మీ అమ్మగారిని ఏమీ అనకండి. ఆవిడకి ఇల్లు మారలేదమ్మా, హద్దులు చెరిగిపోయాయి.

జవాబు 3: డాలస్ నుంచి

అక్కా, నాకు ఇదంతా సంస్కృతి అని ఒప్పుకోవాలనిపించడం లేదు. ఇక్కడ అమెరికాలో కూడా "75 నార్త్ (75వ నంబరు హైవే మీద ఉత్తరానికి) ఎక్కు", "సౌత్‌బౌండ్‌లో ట్రాఫిక్ ఉంది" అంటారు. ఆరేళ్లలో నాకూ అలాగే అలవాటైంది. ఫ్రీవేల మీద ఉత్తరం ఎటో చటుక్కున చెప్పేస్తాను. అదే డౌన్‌టౌన్‌లోకి వెళ్తే అక్కడి వీధులు ఏటవాలుగా ఉంటాయి, నాకు తల తిరిగిపోతుంది. అచ్చం మీ అమ్మగారికి ఫ్లాటులో అయినట్టే. మాది తిరుపతి. మా ఇంట్లో తూర్పు, పడమర ఎవరూ అనరు. కొండపైకి పోతున్నాం, కొండ వైపు తిరుగు, అంతే. అందరం తెలుగువాళ్లమే కదా. ఊరు ఎలా ఉంటే బుర్ర అలా పనిచేస్తుంది అనుకుంటున్నాను.

జవాబు 4: విశాఖ మాస్టారు

డాలస్ తమ్ముడి అనుమానం మంచిది. 2002లో పెన్సిల్వేనియా యూనివర్సిటీ నుంచి పెగీ లీ, లీలా గ్లైట్‌మన్ ఇదే వాదించారు. అమెరికా విద్యార్థులకే అదే బల్ల పరీక్ష పెట్టి, చుట్టూ కనిపించే గుర్తులు మారిస్తే జవాబులూ మారతాయని చూపించారు. లెవిన్సన్ వాళ్లు దానికి బదులు రాశారు. ఆ వాదన ఇంకా పూర్తిగా తెగలేదు.

నా ఉద్దేశం ఒక్కటే. కొండ ఉన్న ప్రతిచోటా జనం కొండతో దిక్కు చెప్పరు. చెప్పేచోట అది మాటగా, మర్యాదగా, ఇంటి కట్టుబడిగా మారి పిల్లలకు అందుతుంది. బాలి ద్వీపంలో కొండ వైపు, సముద్రం వైపు అన్నవే ముఖ్యమైన దిక్కులు. దేవుడి గుడి ఎటు ఉండాలి, తల ఎటు పెట్టి పడుకోవాలి అన్నవి కూడా వాటిని బట్టే. నేల ఇచ్చినదాన్ని మనుషులు ఆచారం చేసుకున్నారు. తిరుపతిలో మీ ఇంట్లో కూడా కొండ వైపు కాళ్లు చాపి పడుకోనిస్తారా, ఒకసారి అమ్మని అడిగి చూడు.

జవాబు 5: లంక ఊరి అమ్మాయి

అందరికీ ధన్యవాదాలు. తాతగారూ, మీ జవాబు అమ్మకి చదివి వినిపించాను. మా చేను హద్దులు నాలుగూ గడగడా చెప్పి, కాసేపు ఏడ్చింది. నాన్న పోయాక ఇంతసేపు మాట్లాడడం ఇదే మొదటిసారి.

మాస్టారు చెప్పిన పరీక్ష చేశాం. చెంబు, రెండు గ్లాసులు. అమ్మ ముందు బాల్కనీలోకి వెళ్లి పొద్దు చూసి వచ్చి, తిరిగి నిలబడి, ఉత్తరం గ్లాసు ఉత్తరానే పెట్టింది. మా వాడు ఎడమది ఎడమకే పెట్టాడు. ఇద్దరూ ఒకరి బల్ల ఒకరు చూసుకుని "తప్పు పెట్టావు" అనుకున్నారు. నేను మాత్రం ఏం పెట్టాలో తోచక నిలబడిపోయాను. పద్దెనిమిదేళ్ల దాకా నాలోనూ అది ఉంది కదా, ఎప్పుడు పోయిందో తెలియలేదు. అది తలుచుకుంటే బాధగా ఉంది.

డాలస్ తమ్ముడు రాసిన ఏటవాలు వీధుల మాట చదివాక ఆలోచన వచ్చింది. గది గోడల్ని వదిలేసి, దిక్సూచి చూసి మంచం సరిగ్గా తూర్పుకి తిప్పేశాం. గదిలో మంచం అడ్డంగా, మూలకి ఉన్నట్టుంటుంది. బీరువా తలుపు సగమే తెరుచుకుంటోంది. మావారే జరిపారు, ఏమీ అనలేదు. అమ్మ ఆ రాత్రి ఐదింటి దాకా లేవలేదు. నాలుగు రోజులుగా అలాగే పడుకుంటోంది.

నిన్న ఆదివారం అమ్మనీ వాణ్నీ మెట్రో ఎక్కించాను, మియాపూర్ నుంచి ఎల్బీ నగర్ దాకా. అమ్మ కిటికీలోంచి ఎండ చూస్తూ కూర్చుంది. "ఇది మన గోదారిలాగా ఆగ్నేయానికి పోతోందిరా" అంది వాడితో. వాడు గోడ మీద రూట్ మ్యాపు చూసి, ఫోన్లో దిక్సూచి చూసి, అవునన్నాడు. తిరిగొచ్చాక మా బాల్కనీ నుంచి మెట్రో వంతెన ఎటు ఉందో ఇద్దరూ లెక్క వేసుకున్నారు. ఇప్పుడు అమ్మ హాల్లో నిలబడి, రైలు చప్పుడు వినబడినప్పుడు ఉత్తరం ఎటో చెప్పగలుగుతోంది. ఉప్పు డబ్బా మాత్రం వాడు ఇంకా తప్పు అరలోనే వెతుకుతున్నాడు.